కదలొద్దన్న మనిషికి

(పశ్చిమ బెంగాల్‌లోని ఖరగ్‌పూర్ రైల్వే కాలనీ, న్యూ సెటిల్‌మెంట్‌లో జరిగిన ‘స్టూడియో బాబాయి’ స్మారకసభలో చేసిన ప్రసంగం పూర్తిపాఠం)

 

దండ వేసిన ఈ ఫొటోను ఒకసారి చూడండి. మసకగా ఉంది. భుజం మీద రబ్బరు స్టాంపు అంచు కూడా కనబడుతోంది. ఏదో కార్డు మీద అంటించిన పాస్‌పోర్టు సైజు ఫొటోను పెద్దది చేయించారు. ఇంతకంటే మంచిది దొరుకుతుందేమోనని కమిటీవాళ్ళు ఇల్లిల్లూ తిరిగారట. మన సెటిల్‌మెంట్‌లో ఎవరి ట్రంకుపెట్టె తెరిచినా బాబాయి తీసిన ఫొటో ఉంటుంది. బారసాల, అన్నప్రాశన, పెళ్ళి సంబంధానికి ఊరికి పంపాల్సిన నిలువెత్తు ఫొటో, రిటైరైన రోజు మెడ నిండా బంతిపూల దండలు. బాబాయి ఉన్న ఫొటో మాత్రం ఒక్క ఇంట్లోనూ దొరకలేదు. అన్నేళ్ళు మన ముఖాలన్నీ చూసిన మనిషి ముఖం మన దగ్గర లేదు.

ఆయన స్టూడియోలో మీరంతా నిలబడే ఉంటారు. వెనక తెర మీద సరస్సు, మెట్లు, రెండు కొబ్బరిచెట్లు. నల్లగుడ్డలోంచి తల బయటపెట్టి, ఎదురుగా ఉన్నవాళ్ళు ఎవరో చూసుకోకుండా మూడు భాషలూ ఒకే ఊపిరిలో అనేవాడు: “కదలొద్దు, హిల్‌నా మత్, నొడ్‌బేన్ నా.” మేం కదిలేవాళ్ళం. ఆయన మళ్ళీ మొదలుపెట్టేవాడు.

ఇతరులు తీసిన డాక్యుమెంటరీలకు ఎడిటింగ్ చేయడం నా బతుకుతెరువు. కొన్నేళ్ళుగా నా బల్ల మీదికి ఒక రకం సినిమాలు ఎక్కువగా వస్తున్నాయి. అమ్మ మీద, తాత మీద, వదిలి వచ్చిన ఊరి మీద, దాచిన పేరు మీద పిల్లలు తీసుకునే సినిమాలు. ఇవాళ వాటి గురించే మాట్లాడతాను. చెప్పదలచుకున్నది ఒక్కటే. పెళ్ళి ఫొటో తీసేవాడు ఫొటోలో లేకపోయినా పెళ్ళికి లోటు లేదు. సొంత ఇంటి కథ తీసేవాడు అందులో లేకపోతే మాత్రం ఆ కథ అబద్ధమవుతుంది. ఈ మాట నేను పుస్తకంలో చదివి నేర్చుకోలేదు. తప్పు చేసి నేర్చుకున్నాను. ఆ తప్పు దగ్గరికీ వస్తాను.

రైలూ, చంటిపాపా

సినిమా పుట్టుక అనగానే అందరూ రైలు పేరు చెబుతారు. రైల్వే ఊరివాళ్ళం కాబట్టి మనకు ఆ మాట ముద్దుగానే ఉంటుంది. అయితే 1895 డిసెంబరు 28న పారిస్‌లో లూమియేర్ సోదరులు టికెట్టు పెట్టి చూపించిన పది చిన్న చిత్రాల్లో రైలు లేదు. పాప ఉంది. ఓగుస్త్ లూమియేర్, ఆయన భార్య ఆరుబయట బల్ల దగ్గర కూర్చుని తమ చంటిపిల్లకు తినిపిస్తున్న చిత్రం అది. నిమిషం కూడా ఉండదు. రైలు మరుసటి నెలలో వచ్చింది. అది ఆగిన లా సియోతా అనే ఊళ్ళో లూమియేర్‌ల వేసవి ఇల్లు ఉండేది. ప్లాట్‌ఫారం మీద కనబడేవాళ్ళలో కొందరు వాళ్ళ కుటుంబం వాళ్ళే. లోకమంతా రైలు బొమ్మగా చెప్పుకునేది కూడా సగం ఇంటి బొమ్మే. చూస్తే ఆ ఇంటివాళ్ళు చుట్టాల కోసం స్టేషనుకు వెళ్ళినవాళ్ళలా ఉంటారు.

1896 జూలై 7న ఆ బొమ్మలు బొంబాయి వాట్సన్ హోటల్‌కు వచ్చాయి. సరిగ్గా ఆ రోజుల్లోనే మన తూర్పు తీరం వెంట పట్టాలు పడుతున్నాయి. 1887లో ఏర్పడ్డ బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే చేతికి 1902లో ఆ తీరపు లైనులో ఉత్తరభాగం వచ్చింది. ఇటు ఖరగ్‌పూర్ కార్ఖానా, అటు వాల్తేరు, రెండూ ఒకే కంపెనీ లైను. అప్పటి గంజాం, విశాఖపట్నం జిల్లాల పల్లెల్లో పొలం చాలనివాళ్ళకు ఇంటి ముందు నుంచి పోయే ఆ రైలే దారి చూపింది. మన వలస, సినిమా ఒకే ఈడువి. కలిసి పెరిగాయి. కానీ ఒకటి రెండోదాని వైపు కన్నెత్తి చూడలేదు.

మన బొమ్మ తీసిందెవరు?

ఖరగ్‌పూర్‌కు కెమెరాలు రాలేదని అనను. వచ్చాయి. ఒకప్పుడు ప్రపంచంలోకెల్లా పొడవైనదని చెప్పుకున్న మన 1,072 మీటర్ల ప్లాట్‌ఫారాన్ని తీసుకుని వెళ్ళాయి. గోరఖ్‌పూర్, ఆ తర్వాత హుబ్బళ్ళి మనల్ని దాటేశాక ఆ మోజూ తగ్గింది. 2001 నుంచి కొన్నాళ్ళు ఇక్కడ టికెట్ ఎగ్జామినర్‌గా పనిచేసిన ధోనీ మీద 2016లో సినిమా వస్తే మన స్టేషను తెర మీద కనబడింది. మనం వెనకాల గుంపులో ఉన్నాం. అంతకుముందు, 1948లో మొదలైన ప్రభుత్వ ఫిల్మ్స్ డివిజన్ చిన్న చిత్రాలు హాల్లో అసలు సినిమాకు ముందు వచ్చేవి. ఆనకట్టలు, కార్ఖానాలు, రైళ్ళు. వెనక ఒక గంభీరమైన గొంతు. ఆ గొంతు ఎవరిదో తెలియదు, ఎక్కడ కూర్చుని మాట్లాడుతోందో తెలియదు. దానికి ఇల్లు లేదు, అమ్మ లేదు, యాస లేదు. డాక్యుమెంటరీ అంటే అదే అనుకుని పెరిగాం.

మనవాళ్ళ పేరు పెట్టుకున్న చోటు ఒకటుంది. ఇక్కడి రైల్వే కార్మికులను కూడగట్టి 1920ల చివర సమ్మె నడిపిన వి.వి. గిరి తర్వాత రాష్ట్రపతి అయ్యారు. ఆయన పేరుతో గిరి మైదాన్ ఉంది, స్టేషనూ ఉంది. మంచిదే. కానీ సమ్మె రోజుల్లో జీతాలు లేనప్పుడు క్వార్టర్లలో పొయ్యి ఎలా వెలిగింది? ఎవరి ముక్కుపుడక తాకట్టుకు పోయింది? ఎవరు బిడ్డలను తీసుకుని రైలెక్కి ఊరికి పోయారు? అది మైదానం పేరులో ఉండదు, యూనియన్ రికార్డులో ఉండదు. ఉంటే ఒక ముసలమ్మ నోట్లో ఉండేది. ఆ ముసలమ్మలు ఒక్కరొక్కరే వెళ్ళిపోయారు.

ఇంకో సంగతి. ఊళ్ళో ఉన్నవాళ్ళకు ఇల్లే గుర్తుల పెట్టె. గోడకు కొట్టిన మేకు కూడా తాత కొట్టిందే. మనకు ఇల్లు రైల్వేది. గోడ మీద నంబరు మనది కాదు, పెరట్లో వేసిన జామచెట్టు మనదైనా నేల మనది కాదు. రిటైరైన కొన్ని నెలలకు తాళం అప్పగించాలి. కొందరు ఇక్కడే మలంచా వైపు ఇల్లు కట్టుకున్నారు, కొందరు విశాఖ చేరారు. క్వార్టర్‌లోకి మరొకరు వచ్చి సున్నం వేయిస్తారు. మూడు తరాలు బతికిన ఇంటి ఆనవాలు ఒక పూటలో తుడుచుకుపోతుంది. అందుకే మనలాంటి వాళ్ళు ఇంటి సినిమా తీసుకోవడం అద్దంలో ముఖం చూసుకుని మురిసిపోవడం కాదంటాను. తాళం అప్పగించే ముందు సామాను లెక్క రాసుకోవడం.

నా తప్పు

పదిహేనేళ్ళ కిందట ఆ లెక్క రాద్దామనే మా నానమ్మ మీద సినిమా మొదలుపెట్టాను. ఆమదాలవలస దగ్గరి పల్లె నుంచి పద్నాలుగేళ్ళకు పెళ్ళికూతురిగా ఇక్కడికి వచ్చిన మనిషి. కెమెరా నిలబెట్టి, దీపం పెట్టి, కొత్త చీర కట్టించి అడిగాను: “నానమ్మా, మనం ఎవరం? తెలుగువాళ్ళమా, బెంగాల్ వాళ్ళమా?” ఆమె నన్ను ఎగాదిగా చూసింది. “ఏలమ్మా, నాను సచ్చిపోతానని తీసి దాసుకుంతన్నావేటి?” అంది. రెండు రోజులు అదే. మా నాన్న ఇంకా నయం. కెమెరా ఎర్రలైటు వెలగగానే ఆయన హిందీలోకి మారిపోయాడు. “హమ్ లోగ్ ఇధర్ హీ పైదా హువా” అని నిటారుగా కూర్చుని చెప్పాడు. ఆయన లెక్కలో కెమెరా ఒక ఆఫీసరు. ఆఫీసరుతో తెలుగులో ఎవరైనా మాట్లాడతారా?

మూడో రోజు పెరట్లో నానమ్మా, పక్క క్వార్టర్ బెంగాలీ మాసీమా కలిసి చిన్నచేపలు శుభ్రం చేస్తున్నారు. ఇద్దరి ముందూ ఉన్నది ఒకే పనిముట్టు. ఒకరు కత్తిపీట అంటారు, ఒకరు బొటి అంటారు. నేను కెమెరాను కిటికీ గట్టు మీద పెట్టాను. నానమ్మ చూసి “ఆపేసినావేటి?” అంది. నేను తల ఊపాను. ఆపలేదు.

అప్పుడు వచ్చింది కథ. మాసీమాతో మాట్లాడుతున్నట్టే, సగం తెలుగు, సగం బెంగాలీలో. తాతయ్య ఉద్యోగం మీద మోజుతో రాలేదనీ, ఊళ్ళో పొలం పంపకాల్లో పెద్దన్నగారు వేలిముద్ర వేయించుకున్నాడనీ, ఏం రాసి ఉందో తాతయ్యకు ఎవరూ చదివి వినిపించలేదనీ. నేను గట్టు మీద నుంచి “ఎవరు వేయించారు?” అని అడిగాను. ఆమె మాట మార్చింది. మళ్ళీ అడిగాను. మూడోసారి గుచ్చి అడిగితే పేరు చెప్పింది.

ఎడిటింగ్‌లో నా మూడు ప్రశ్నలూ కోసేశాను. వినడానికి అడ్డంగా ఉన్నాయి, నా గొంతు బాగోలేదు, అలా కోయడమే పద్ధతి. దాంతో తెర మీద నానమ్మ ఏ కారణమూ లేకుండా, చేపలు తోముతూ తోముతూ బావగారిని దొంగ అన్న మనిషిలా కనబడింది. దూరపు నగరంలో ఒక చిన్న ప్రదర్శనలో చూపించాను. ఇంట్లో ఎవరికీ ముందు చూపించలేదు. అక్కడ చూసినవాళ్ళలో పెద్దతాత వైపు చుట్టం ఒకరు ఉన్నారు. వారం తిరక్కుండా ఊళ్ళో మాటలు లేచాయి. వాళ్ళ ఇంట్లో చెప్పుకునే కథ వేరు: ఈ తమ్ముడే డబ్బు పుచ్చుకుని రైలెక్కాడని. మా పిన్ని అటు వాళ్ళింటికీ ఇటు మా ఇంటికీ పోలేక మధ్యలో నలిగింది. రెండేళ్ళు నాతో మాట్లాడలేదు.

ఎవరి కథ నిజమో నాకు ఇప్పటికీ తెలియదు. ఒకటి మాత్రం తెలుసు. నేను చూపించింది నిజం కాదు. అడిగినవాళ్ళను తీసేసి, చెప్పినవాళ్ళను ఒంటరిగా బోనులో నిలబెట్టాను.

ఇతరులు ఏం చేశారు?

ఆ రెండేళ్ళూ నేను ఇలాంటి సినిమాలే వెతికి చూశాను. మన కోల్‌కతా దర్శకుడు సుప్రియో సేన్ 2003లో ‘వే బ్యాక్ హోమ్’ తీశాడు. విభజన కాలంలో తల్లిదండ్రులు వదిలి వచ్చిన తూర్పు బెంగాల్‌కు వాళ్ళను వెంటబెట్టుకుని వెళ్ళాడు. ఆ సినిమాలో అతను దర్శకుడి కంటే ముందు కొడుకు. అమ్మానాన్నల వెనక నడుస్తాడు. వాళ్ళ చేతిలో ఉన్న ఊరి బొమ్మా, ఎదురుగా ఉన్న ఊరూ కలవనప్పుడు ఏమవుతుందో దగ్గరుండి చూస్తాడు.

సంధ్యా సూరి 2005లో తీసిన ‘ఐ ఫర్ ఇండియా’ ఇంకో దారి. ఆమె తండ్రి డాక్టరు, 1965లో ఇంగ్లండు వెళ్ళాడు. రెండు సూపర్-8 కెమెరాలు, రెండు ప్రొజెక్టర్లు, రెండు టేపు రికార్డర్లు కొని, ఒక జత ఇక్కడి ఇంటికి పంపాడు. దశాబ్దాల పాటు ఉత్తరాలకు బదులు బొమ్మలూ గొంతులూ అటూ ఇటూ తిరిగాయి. అటు మంచు, ఇటు పెళ్ళిళ్ళు. ఎప్పుడు తిరిగొస్తావురా అని టేపులో అడిగే ఇంటివాళ్ళు. మన వాళ్ళకు కెమెరాలు లేవు, ఏడాదికోసారి పాసు ఉంది. ఈస్ట్‌కోస్ట్ ఎక్స్‌ప్రెస్‌లో శ్రీకాకుళం రోడ్డు దాకా మనమే ఆ టేపుల్లా తిరిగాం. ఊళ్ళో పెళ్ళికి వెళితే “బెంగాలోళ్ళొచ్చినారు” అనేవారు. తిరిగి వచ్చి గేటు తీస్తుంటే మాసీమా “దేశ్ నుంచి వచ్చారా” అనేది. రెండు చోట్లా మనం వచ్చినవాళ్ళమే.

కెమెరా లేదు, ఫొటో లేదు, అయితే ఎలా అంటారా? కంబోడియా దర్శకుడు రితీ పాన్ కుటుంబంలో చాలామంది ఖ్మేర్ రూజ్ పాలనలో, 1975-79 మధ్య, పోయారు. ఆ రోజుల్లో వాళ్ళు పడ్డదానికి బొమ్మ ఏదీ మిగల్లేదు. 2013లో అతను మట్టితో మనుషులను చేయించి, రంగులు వేయించి, ఆ మట్టిబొమ్మలతో సినిమా తీశాడు. దాని పేరే ‘ద మిస్సింగ్ పిక్చర్’. లేని ఫొటో గురించి కూడా సినిమా తీయొచ్చు. లేదన్న మాట దాచకపోతే చాలు.

నా తప్పుకు మందు దొరికింది కెనడా దర్శకురాలు సారా పోలీ 2012లో తీసిన ‘స్టోరీస్ వి టెల్’లో. చిన్నతనంలోనే పోయిన తల్లి గురించి, తన పుట్టుక గురించి ఇంట్లో ఒక్కొక్కరినీ అడుగుతుంది. ఒకరి కథ మరొకరి కథతో కలవదు. ఆమె తీర్పు చెప్పదు, అన్నిటినీ పక్కపక్కన పెడుతుంది. పెంచిన తండ్రి తను రాసుకున్నది మైకు ముందు చదువుతుంటే, అద్దం అవతల నుంచి ఆ లైను మళ్ళీ చదవమంటుంది. అది కోసేయలేదు. కూతురే దర్శకురాలైతే తండ్రి ఎంత ఇరుకున పడతాడో మనకు అక్కడే తెలుస్తుంది.

ఏ భాషలో?

2020 డిసెంబరులో పశ్చిమ బెంగాల్ మంత్రివర్గం తెలుగుకు అధికార భాష హోదా ఇవ్వడానికి ఒప్పుకుంది. ఆ వార్తలన్నిటిలో మన ఖరగ్‌పూర్ పేరే. ఎన్నో ఏళ్ళు అడిగిన పెద్దలకు చేతులెత్తి మొక్కుతాను. అయితే కాగితం మీద తెలుగు వేరు, పెరట్లో తెలుగు వేరు. మా అమ్మ “బజారు చేసుకొచ్చావా?” అంటుంది. అది బెంగాలీ వాక్యానికి తెలుగు చొక్కా. నాన్న స్పానర్ల సైజులు ఇంగ్లీషులో చెబుతాడు, జీతం హిందీలో, తిట్లు మాత్రం శ్రీకాకుళం తెలుగులో. కింద సబ్‌టైటిల్ వేయడానికి కూర్చుంటే ఇదంతా ఒకే నున్నటి ఇంగ్లీషు లైను అయిపోతుంది. అమ్మ పోతుంది, అర్థం మిగులుతుంది.

అప్పుడు తెలిసింది, నేను మొదటి రోజు వేసిన ప్రశ్న ఎందుకు బెడిసిందో. మనం ఎవరం అని అడిగితే మనుషులు సర్టిఫికెట్ చూపిస్తారు. చేప ఎలా కడగాలని అడిగితే చేతులు, మాటలు, పక్కింటి స్నేహం, పోయిన పొలం అన్నీ వాటంతటవే బయటికొస్తాయి. బి. నర్సింగరావు తన డాక్యుమెంటరీకి ‘మా ఊరు’ అని పేరు పెట్టుకున్నాడు. ఆ ‘మా’లో తీసేవాడూ ఉన్నాడు. మనకు ఊరు అనడానికి ఒక్క చోటు లేదు కాబట్టి ఆ ‘మా’నే గట్టిగా పట్టుకోవాలి.

పిన్ని ఒప్పుకున్న సినిమా

నానమ్మ పోయాక ఆ సినిమాను మళ్ళీ కోశాను. ఈసారి తీసేసినవన్నీ లోపల పెట్టాను. “ఆపేసినావేటి?” అని ఆమె అడగడం ఉంది కానీ నేను తల ఊపడం అందులో లేదు, నేను కెమెరా వెనక ఉన్నాను. అందుకని అక్కడ నా గొంతుతో చెప్పాను: ఆపానని అబద్ధమాడాను అని. మూడు ప్రశ్నలూ తిరిగి పెట్టాను. పెద్దతాత మనవడి దగ్గరికి ఊరు వెళ్ళి వాళ్ళ కథ కూడా తీసుకొచ్చి పక్కన పెట్టాను. మొదట మా ఇంట్లో, గోడకు దుప్పటి కట్టి పిన్నికి చూపించాను. వద్దంటే పారేస్తానని ముందే చెప్పాను. చూసి చాలాసేపు మాట్లాడలేదు. ఆఖరికి అంది: “ఇప్పుడు నువ్వూ దొంగలాగే కనబడుతున్నావు. సరే, ఉండనీ.”

నా వృత్తిలో నాకు దక్కిన పెద్ద మెప్పు అదే.

వెనక నిలబడి ఫోన్లలో నన్ను తీస్తున్న పిల్లలకు నాలుగు మాటలు. ఫోను చాలు, డబ్బు అక్కరలేదు. జోనథన్ కావెట్ అనే అతను 2003లో తన తల్లి కథను ఇంట్లో కంప్యూటర్ మీదే కూర్చి, రెండు వందల పైచిలుకు డాలర్లతో మొదటి ప్రతి తయారుచేశాడు. పెద్దవాళ్ళను కుర్చీలో కూర్చోబెట్టకండి, పనిలో ఉండనివ్వండి. ట్రంకుపెట్టె తెరిచి ఒక ఫొటో చేతికివ్వండి, మీరు ప్రశ్న వేయనక్కరలేదు. ఆపేశావా అని అడిగితే ఆపేయండి. కొన్ని సంగతులు మీకోసం చెబుతారు, ఊరికోసం కాదు. ఆ తేడా వాళ్ళనే అడగండి. ఒప్పుకోని అమ్మ కూడా ఒక జవాబు చెప్పినట్టే. బయటివాళ్ళ కంటే ముందు ఇంట్లో చూపించండి. అన్నిటికంటే ముఖ్యం, మీ గొంతు బాగోలేదని కోయకండి.

బాబాయి కదలొద్దు అన్నాడు. అది ఆయన పని. కెమెరా వెనక నిలబడటం కూడా ఆయన పనే, ఆయన అబద్ధమేమీ ఆడలేదు. కానీ ఆయనను ఇటు వచ్చి నిలబడమని మనలో ఎవరమైనా ఒక్కసారి అన్నామా? ఈ మసక ఫొటో ఆయన లోటు కాదు, మనది.

సభ అయ్యాక గ్రూపు ఫొటో ఉందని చెప్పారు. ఒక మనవి. ఒకటి తీసి ఊరుకోకండి, రెండు తీయండి. మొదటిదాంట్లో ఫోను పట్టుకున్నవాళ్ళు రెండోదాంట్లో మధ్యలో నిలబడాలి.